డబ్బింగ్ సార్ మింగిన మాట

మా ఇంట్లో బీరువా అడుగు అరలో ఒక నీలం రంగు ట్రాక్‌సూట్ ఉంది. దాన్ని నేను పట్టుమని పాతికసార్లు కూడా వేసుకోలేదు. ఎవరికైనా ఇచ్చేద్దామని మా ఆవిడ ఏడాదికోసారి బయటికి తీస్తుంది. నేను మళ్ళీ మడతపెట్టి లోపల పెడతాను. దాచుకునేంత గొప్ప బట్టేమీ కాదు. దాన్ని చూస్తే నాకు సిగ్గేస్తుంది, ఆ సిగ్గును గుమ్మం దాటించే హక్కు నాకు లేదనిపిస్తుంది.

యూనివర్సిటీలో ముప్ఫై ఒక్క ఏళ్ళు జర్మన్ భాష చెప్పి రిటైరయ్యాను. డిపార్ట్‌మెంటులో కొత్తగా చేరిన పిల్లలు ఈమధ్య కలిసి, "మీ అనుభవాలు రాయండి సార్, మాకు పనికొస్తాయి" అన్నారు. రాయడానికి సెమినార్లున్నాయి, శాలువాలున్నాయి, పాఠ్యపుస్తకాల కమిటీలున్నాయి. వాటిలో మీకు పనికొచ్చేది చిటికెడు కూడా లేదు. పనికొచ్చేది ఒక్కటే ఉంది, అది నేను చేసిన తప్పు. కాబట్టి అదే రాస్తున్నాను.

జర్మన్ లెక్చరర్ అంటే క్యాంపస్‌లో పెద్దగా ఎవరికీ పని పడని మనిషి. నా సర్టిఫికెట్ కోర్సులో సగం మంది బస్సు పాసు కోసం చేరినవాళ్ళే. నల్లకుంట నుంచి స్కూటర్ మీద రావడం, పాతికమందికి విభక్తులు చెప్పడం, పోవడం. ఇరవై ఏళ్ళలో ఒక్క వైస్ ఛాన్సలర్ కూడా నన్ను పేరు పెట్టి పిలిచిన పాపాన పోలేదు. అలాంటిది పన్నెండేళ్ళ కిందట ఒకరోజు వ్యాయామ విద్యా విభాగం డైరెక్టరు నన్ను వెతుక్కుంటూ మూడంతస్తులు ఎక్కి వచ్చాడు.

"సాబ్, జర్మనీకెల్లి ఫుట్‌బాల్ కోచ్ వస్తున్నడు. మూడు వారాలు మన టీంకు ట్రైనింగ్ ఇస్తడు. ఆయనకు ఇంగ్లీషు అంతంత మాత్రమే. మీరు జర పక్కన నిలబడాలె" అన్నాడు.

"నాకు ఫుట్‌బాల్ గురించి ఓనమాలు కూడా తెలియవండీ."

"మిమ్మల్ని ఆడమంటలేను సాబ్. మాట్లాడమంటున్న."

మర్నాడే ఆ ట్రాక్‌సూట్ వచ్చింది. వెనక యూనివర్సిటీ పేరు, ముందు చిన్న ముద్ర. అద్దం ముందు నిలబడి అటూ ఇటూ తిరిగి చూసుకున్నాను. "నీళ్ళ డ్రమ్ములా ఉన్నారు" అంది మా ఆవిడ. అన్నా సరే, నాకు లోపల పండగలా ఉంది. నలభై ఎనిమిదేళ్ళు వచ్చాక మొదటిసారి నేను ఏదో ఒక జట్టులో ఉన్నాను. ఈ మాట గుర్తుపెట్టుకోండి. తర్వాత జరిగినదానికంతటికీ వేరు ఇక్కడే ఉంది.

వచ్చినాయన పేరున్న ఆటగాడేమీ కాదు. అరవైకి దగ్గర పడ్డ పొడుగాటి మనిషి. మెట్లు దిగేటప్పుడు కుడికాలు కొంచెం ఆలస్యంగా దిగేది. సాయంత్రం ప్రాక్టీసు అయ్యాక తార్నాక చౌరస్తాలో ఇరానీ చాయ్ తాగేవాళ్ళం. ఆయన బిస్కెట్ చాయ్‌లో ముంచుకు తింటూ తన కథ రోజుకింత చెప్పేవాడు. తండ్రి బొగ్గుగనిలో పనిచేసేవాడు. ఈయన పంతొమ్మిదో ఏట రెండో డివిజన్ క్లబ్బులో చేరాడు. గోల్స్ బాగా వేసేవాడట. ఇరవై నాలుగో ఏట మోకాలు వాచింది. అప్పటి కోచ్ ఒక ఇంజక్షన్ పొడిపించి, "ఈ ఒక్క మ్యాచ్ ఆడు" అన్నాడు. ఆడాడు, గెలిచారు. మళ్ళీ ఎప్పుడూ ఆడలేదు.

"ఆ మ్యాచ్ ఫోటో మా క్లబ్బు గోడ మీద ఇంకా ఉంది. నా మోకాలు మాత్రం లేదు" అన్నాడు నవ్వుతూ.

రెండేళ్ళు తాగి తిరిగాడట. తర్వాత ఎవరో జాలిపడి ఏడేళ్ళ పిల్లలకు ఆట నేర్పమంటే వెళ్ళాడు. అక్కడ తెలిసిందట, తనకు ఆడటం కన్నా చూడటం బాగా వచ్చని. అలా కోచ్ అయ్యాడు. చిన్న చిన్న క్లబ్బులు. నాలుగు క్లబ్బులు ఆయన్ను తీసేశాయి. ఎందుకు తీసేశారని అడిగితే, "నొప్పి అన్నవాణ్ణి నేను ఆడించను. ఓడిపోతే ఓడిపోతాం. క్లబ్బు వాళ్ళకు అది నచ్చదు" అన్నాడు. గొప్ప చెప్పుకుంటున్నట్టు కాదు, వానకు తడిశానన్నట్టు చెప్పాడు.

మొదటి రోజే ఆయన చిన్న నోటుబుక్కు తీసి నన్ను నాలుగు తెలుగు మాటలు అడిగాడు. మోకాలు. నొప్పి. ఇంకోసారి. బాగుంది. వాటిని తన లిపిలో రాసుకుని, రెండేసి సార్లు నాతో అనిపించుకుని, పుస్తకం జేబులో పెట్టుకున్నాడు.

"కోచ్‌కు ఈ నాలుగూ చాలు. మిగిలినదానికి నువ్వున్నావు" అన్నాడు.

ఇక నా దుబాసీ పని సంగతి. నా విద్యార్థులకు నేను చెప్పే మొదటి సూత్రం ఇది: ఎదుటివాడు "నేను" అంటే నువ్వూ "నేను" అనాలి. "ఆయన అంటున్నారు" అనకూడదు. అంటే నువ్వు పక్కకు తప్పుకోవడానికి సందు దొరుకుతుంది. గ్రౌండ్‌లో దిగిన మొదటి గంటలోనే ఈ సూత్రాన్ని గంగలో కలిపాను. ఆయన మాట గొడ్డలి. "నువ్వు పరిగెత్తుతున్నావా, పెళ్ళి ఊరేగింపులో నడుస్తున్నావా?" అన్నట్టు ఏదో అనేవాడు. నేనేమో, "ఇంకాస్త చురుగ్గా ఉంటే బాగుంటుందని సార్ అంటున్నారు" అనేవాణ్ణి. పెద్దమనుషుల మధ్య పెరిగినవాణ్ణి, కఠినమైన మాట నోట్లోంచి రాదు. అది మర్యాద అనుకునేవాణ్ణి.

కుర్రాళ్ళు వారం తిరక్కుండానే పసిగట్టారు. "సార్, ఆయన రెండు నిముషాలు తిట్టిండు. మీరు ఒక్క ముక్క చెప్పి ఊకున్నరు. మిగిలింది యాడవోయింది?" అని ఒకడు అడిగాడు. అందరూ గొల్లుమన్నారు. ఆ సాయంత్రం నుంచి నా పేరు డబ్బింగ్ సార్. నాకు కోపం రాలేదు సరికదా, ముద్దుగా అనిపించింది. ఎప్పుడూ ఎవరూ నాకు ముద్దుపేరు పెట్టలేదు.

అలా అడిగినవాడే ఈ కథకు కావలసినవాడు. ఎం.ఏ. రెండో ఏడు చదివేవాడు. ఇల్లు లాలాపేట్. వాళ్ళమ్మ ఒక స్కూల్లో ఆయా. ఆదివారం చర్చి నుంచి తెల్లచొక్కాతో నేరుగా గ్రౌండ్‌కు వచ్చి, చొక్కా జాగ్రత్తగా మడిచి గడ్డి అంటని చోట పెట్టుకుని అప్పుడు ఆటకు దిగేవాడు. మైదానం మధ్యలో ఆడేవాడు. బంతి తనకు రాకముందే ఎటు పంపాలో వాడికి తెలిసేదని జర్మన్ కోచ్ మురిసిపోయేవాడు. "వీడికి వీపు మీద కూడా కళ్ళున్నాయి" అని నాతో పదిసార్లు అని ఉంటాడు. అందులో రెండుసార్లే వాడికి చెప్పాను. ఎక్కువ పొగిడితే పాడవుతాడని, అదొక పెద్దరికం.

ఆ మూడు వారాల చివర మా క్యాంపస్‌లోనే యూనివర్సిటీల టోర్నమెంటు జరిగింది. మావాళ్ళు ఫైనల్‌కు వచ్చేశారు. చాలా ఏళ్ళ తర్వాత రావడం. ఫైనల్ శనివారం. స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగాలిచ్చేవాళ్ళు చూడటానికి వస్తున్నారని అందరికీ తెలుసు. ఆ కుర్రాడి ఆశంతా దానిమీదే. సెమీఫైనల్లో వాడి ఎడమ మోకాలికి దెబ్బ తగిలింది. సాయంత్రానికి వాచింది. జర్మన్ కోచ్ వాణ్ణి గడ్డిమీద పడుకోబెట్టి, కాలు మడిచి, చాపి, వేళ్ళతో నొక్కి చూశాడు. "నొప్పి?" అన్నాడు. "లేదు సార్" అన్నాడు వాడు. ఆయన ఇంకోచోట నొక్కాడు. వాడి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "లేదు సార్" అన్నాడు మళ్ళీ.

మూడు వారాల గడువు అయిపోయి, ఫైనల్‌కు రెండు రోజుల ముందే, గురువారం ఆయన తిరుగు ప్రయాణం. వెళ్ళేముందు ఒక్కొక్క ఆటగాణ్ణి విడిగా కూర్చోబెట్టి అయిదు నిముషాలు మాట్లాడటం ఆయన పద్ధతి. జట్టంతటికీ కలిపి ఉపన్యాసం ఇవ్వడు. "ఒక్కొక్కడికి ఒక్కో మాట బాకీ ఉంటుంది" అనేవాడు. గ్యాలరీ మెట్ల మీద కింద మెట్టులో ఆయన, పక్కన నేను, ఎదురుగా ఆటగాడు.

బుధవారం ఉదయం డైరెక్టరు నన్ను క్యాంటీన్ దగ్గర పట్టుకున్నాడు. భుజం మీద చెయ్యి వేశాడు. అంతకు ముందెప్పుడూ వెయ్యలేదు.

"సాబ్, మీ జర్మన్ సాబ్ ఆ పిలగాన్ని ఆడనిచ్చెటట్టు లేడు. నాకు నిన్ననే అర్థమయింది. వాడు లేకుంటే టీం ఖతం. ఆయనేమో రేపు పొద్దుగాల విమానం ఎక్కుతడు, మనం గీడనే ఉంటం. జర సంభాళించుండ్రి."

"నేనేం చేయగలనండీ?"

"ఏం చెయ్యకుండ్రి. మీరు రోజు జేసేదే చెయ్యుండ్రి. జర మెత్తగ చెప్పుండ్రి." ఆగి, నవ్వి, "శనివారం ట్రాక్‌సూట్ ఏసుకొని రావాలె సాబ్. కప్పుతోని ఫోటో దిగాలె మీరు గూడ" అన్నాడు.

పిల్లలూ, ఆయన నన్ను బెదిరించలేదు, ఆశ పెట్టలేదు. ఫోటో అన్నాడు, అంతే. నేను ఎంతకు లొంగానో మీకు తెలియాలని ఇది రాస్తున్నాను.

మధ్యాహ్నం ఆ కుర్రాడి వంతు వచ్చింది. కాలు చాపుకుని కూర్చున్నాడు. జర్మన్ కోచ్ మొదట నావైపు తిరిగి, "ఇప్పుడు చెప్పేది ఒక్క మాట తగ్గకుండా చెప్పాలి" అన్నాడు. సరేనన్నాను. ఆయన వాడి కళ్ళలోకి చూస్తూ మెల్లగా మాట్లాడాడు. ఆ మాటలు నాకు నిన్న విన్నట్టున్నాయి.

"నీ మోకాలి లోపల తెగింది. నాకు తెలుసు, నాకూ అక్కడే తెగింది. శనివారం నువ్వు ఆడకూడదు. అరగంట కూడా ఆడకూడదు. డాక్టరు దగ్గరికి వెళ్ళు, కుట్టించుకో, ఆరు నెలలు ఆగు. ఆగితే పదేళ్ళు ఆడతావు. ఇప్పుడు ఆడితే ఈ ఒక్క మ్యాచే ఆడతావు. నాకు ఇరవై నాలుగేళ్ళప్పుడు ఈ మాట చెప్పేవాడు లేడు. నీకు నేనున్నాను. ఉద్యోగం పోతుందని భయం, అదీ తెలుసు. అది మళ్ళీ వస్తుంది. ఇంకో మాట. నువ్వు ఏనాటికైనా కోచ్‌వి అవుతావు. నేను చాలామందిని చూశాను, నీ చూపు కోచ్ చూపు. కానీ ముందు ఆటంతా ఆడుకో. నాలాగా తొందరగా కోచ్‌వి కాకు."

చెప్పి నావైపు చూశాడు. దూరంగా ట్రాక్ పక్కన డైరెక్టరు ఎవరితోనో ఫోన్లో మాట్లాడుతూ మమ్మల్నే చూస్తున్నాడు.

నేను గొంతు సవరించుకున్నాను. "మోకాలు జాగ్రత్తగా చూసుకోమని సార్ అంటున్నారు. మ్యాచ్ అయ్యాక ఒకసారి డాక్టరుకు చూపించుకోమంటున్నారు. నీకు మంచి భవిష్యత్తు ఉందంటున్నారు" అన్నాను.

ఇంతే అన్నాను. ఆయన అంతసేపు మాట్లాడితే మూడు ముక్కలు.

కుర్రాడు నావైపు వింతగా చూశాడు. డబ్బింగ్ సార్ మళ్ళీ కోత కోశాడనుకుని ఉంటాడు. నవ్వాడు కూడా. "తప్పకుండ సార్. పట్టీ గట్టిగ కట్టుకొని ఆడుత. సార్‌కు మస్తు థ్యాంక్స్ అని చెప్పుండ్రి" అన్నాడు.

"ఏమంటున్నాడు?" అన్నాడు కోచ్.

"మీరు చెప్పినట్టే చేస్తానంటున్నాడు. ఆడడు. మీకు కృతజ్ఞతలు చెబుతున్నాడు" అన్నాను నేను, తడుముకోకుండా, వ్యాకరణ దోషం ఒక్కటి లేకుండా.

ఆయన లేచి వాణ్ణి కావలించుకున్నాడు. వాడు ఆ పెద్దాయన వీపు మీద చేతులు వేసి నిలబడ్డాడు. ఇద్దరి కళ్ళూ చెమర్చాయి. మధ్యలో నేను, నా ట్రాక్‌సూట్. ఆ క్షణంలో ఒక్క మాటతో సరిదిద్దవచ్చు. తర్వాతి కుర్రాణ్ణి పిలిచాను.

శనివారం వాడు ఆడాడు. మొదటి గోలు వాడు అందించిన బంతితోనే పడింది. రెండో సగం మధ్యలో ఎవరూ తాకకుండానే, పక్కకు తిరగబోయి కూలిపోయాడు. వాడు అరిచిన అరుపుకు గ్యాలరీలో ఉన్న డప్పులు ఆగిపోయాయి. స్ట్రెచర్ లేదు. నలుగురు కలిసి ఒక చెక్కబెంచీ మీద మోసుకుపోయారు. మేము గెలిచాం. నేను కప్పు పక్కన నిలబడి ఫోటో దిగాను. వ్యాయామ విభాగంలో అద్దాల బీరువాలో ఆ ఫోటో ఇప్పటికీ ఉంది, ఎడమ నుంచి మూడోవాణ్ణి నేనే. నవ్వుతున్నాను.

ఆసుపత్రికి ఒకసారి వెళ్ళాను. ఆపిల్ పళ్ళు పట్టుకెళ్ళాను. వాళ్ళమ్మ నాకు కుర్చీ వేసి, తాను నిలబడింది. వాడు కాలికి పెద్ద కట్టుతో పడుకుని, "సార్, జర్మన్ సార్ జాగ్రత్త అని చెప్పనే చెప్పిండు. నేనే ఇనలె. తప్పు నాదే. ఆయనకు తెల్వనియ్యకుండ్రి, బాధపడ్తడు" అన్నాడు.

వాళ్ళమ్మ కూడా, "పెద్దోళ్ళ మాట ఇంటె గిట్లయితుండెనా సారూ" అంది.

అప్పుడైనా చెప్పాలి కదా. నోరు తెరిచాను. "తొందరగా తగ్గిపోతుందిలే" అని వచ్చేశాను. డాక్టర్లు రెండుసార్లు కోశారు. నడక వచ్చింది, ఆట రాలేదు. స్పోర్ట్స్ కోటా వాళ్ళు ఆ ఏడాది మా జట్టులో ఇద్దరికి ఉద్యోగాలిచ్చారు.

కొన్ని నెలల తర్వాత జర్మనీ నుంచి ఒక మెయిల్ వచ్చింది. మూడు వాక్యాలు. అందరికీ నమస్కారం, ఇక్కడ మంచు పడుతోంది, ఆ వీపుమీద కళ్ళున్న కుర్రాడి మోకాలు ఎలా ఉంది? జవాబు మొదలుపెట్టాను. "ప్రియమైన" దాకా రాశాను. ఆ తర్వాత ఏమాట రాసినా అబద్ధమో, ఉరితాడో అయ్యేట్టు ఉంది. రేపు రాద్దామనుకున్నాను. ఆ రేపు రాకముందే రిటైరయ్యాను. నా జీవితమంతా రెండు భాషల్లో మాట్లాడాను, చెప్పాల్సిన చోట రెండింట్లోనూ మూగవాణ్ణయ్యాను.

నా తరఫున వాదించుకోలేదనుకోకండి. రాత్రీ పగలూ వాదించుకున్నాను. ఆడొద్దని చెప్పినా వాడు ఆడేవాడేమో. ఉద్యోగం అవసరం, వయసు వేడి. అవును, ఆడేవాడేమో. కానీ తెలిసి ఆడేవాడు. ఆడాలో మానాలో తేల్చుకోవలసింది వాడు. వాడికి కబురు అందనివ్వకుండా నేనే తేల్చేశాను. ఇంత చిన్న సంగతి అర్థం కావడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది. మా ఆవిడకు ఒక్క నిముషం పట్టింది. ఓ రోజు ఉండబట్టలేక చెబితే, పప్పు గిలక్కొడుతున్నదల్లా ఆపి, "అంటే ఆయన వాడికిచ్చిన ఉత్తరం మీరు చించేశారన్నమాట" అంది. మళ్ళీ గిలక్కొట్టడం మొదలుపెట్టింది.

రిటైరయ్యాక తార్నాకలో అపార్ట్‌మెంట్ తీసుకున్నాం. పొద్దున్నే క్యాంపస్‌లో నడక. కావాలనే గ్రౌండ్ వైపు వెళ్ళేవాణ్ణి కాదు. పోయిన చలికాలం రోడ్డు తవ్వేసి ఉంటే అటు తిరగవలసి వచ్చింది. గ్రౌండ్‌లో పది పన్నెండు మంది ఆడపిల్లలు బంతితో పరిగెత్తుతున్నారు. మధ్యలో ఈల మెళ్ళో వేసుకుని ఒకడు నిలబడి ఉన్నాడు. ఎడమకాలు మీద బరువు వెయ్యకుండా నిలబడే తీరు చూసి గుర్తుపట్టాను. వెనక్కి తిరిగిపోదామనుకున్నాను. వాడికి వీపు మీద కళ్ళున్నాయి కదా.

"డబ్బింగ్ సార్!"

పరిగెత్తలేడు కాబట్టి గబగబా నడుచుకుంటూ వచ్చి కాళ్ళకు దండం పెట్టబోయాడు. ఒక ప్రైవేటు స్కూల్లో పీఈటీగా చేస్తున్నాడట. పొద్దున పూట లాలాపేట్, రామంతాపూర్ నుంచి వచ్చే పిల్లలకు ఇక్కడ ఆట నేర్పుతున్నాడట. పిల్లల్ని పిలిచి నన్ను చూపించాడు.

"గీ సారే మా జర్మన్ సార్ మాటలు మాకు చెప్పెటోడు. నేను ఎప్పుడు చెప్తనే మీకు, మోకాలు జాగ్రత్త అని మా సార్ చెప్తె నేను ఇనలేదని. గందుకే గిట్లయిన. కోచ్ మాట ఇనాలె. అడుగుండ్రి, సార్ ఉన్నడు గద."

పన్నెండు జతల కళ్ళు నన్ను చూశాయి. నేను తలూపాను. ఊపానండీ. పన్నెండేళ్ళుగా వాడు నా అబద్ధాన్ని పాఠంగా చెబుతూ, ఆ తప్పు తన నెత్తిన వేసుకుంటున్నాడు. నేను దానికి సాక్ష్యం కూడా చెప్పి వచ్చాను.

రెండు వారాలకు వాడే ఫోన్ చేశాడు. ఇంటర్‌నెట్‌లో వెతికి, జర్మన్ సార్ క్లబ్బును పట్టుకున్నాడట. ఆదివారం సాయంత్రం వీడియో కాల్‌లో మాట్లాడతానన్నాడట ఆయన. "మన టీంను చూపియ్యాలె సార్ ఆయనకు. మీరు రావాలె. మీరు లేకుంటే నాకు ఆయన మాట ఎట్ల తెలుస్తది?"

శనివారం అంతా జ్వరం వచ్చిందని చెప్పాలా, ఊరెళ్ళానని చెప్పాలా అని ఆలోచించాను. ఆదివారం వెళ్ళాను. ధైర్యం వచ్చి కాదు. ఇంకొకడెవడైనా జర్మన్ వచ్చినవాణ్ణి పిలుచుకుంటాడేమో, నిజం వాడి నోటివెంట బయటపడుతుందేమో అని.

అదే గ్యాలరీ మెట్లు. ఫోను నీళ్ళ సీసాకు ఆనించి పెట్టాడు. ఆయన కనిపించాడు. జుట్టంతా తెల్లబడింది, దవడలు లోపలికి పోయాయి. నన్ను చూసి చెయ్యి ఊపాడు. కుర్రాణ్ణి చూడగానే ఆయన మొహమంతా నవ్వయింది. వాడు ఫోను ఎత్తి పిల్లల్ని చూపించాడు.

"కోచ్‌వి అయ్యావు! అవుతావని ఆ రోజే చెప్పాను కదా" అన్నాడాయన.

చాలా ఏళ్ళకు మొదటిసారి నా సూత్రం నేను పాటించాను. "కోచ్‌వి అయ్యావు! అవుతావని ఆ రోజే చెప్పాను కదా" అన్నాను తెలుగులో.

వాడు ఆశ్చర్యపోయాడు. "ఎన్నడన్నడు సార్?"

ఈలోగా ఆయన అందుకున్నాడు. "ఆ ఫైనల్ ఆడకుండా ఆగావు చూడు, అందుకు నిన్ను ఎప్పుడూ మెచ్చుకుంటాను. నాకు ఆ ధైర్యం లేకపోయింది. ఆపరేషన్ అయ్యాక ఎన్నేళ్ళు ఆడావు?"

నేను అదంతా వాడికి తెలుగులో చెప్పాను. ఒక్క మాట తగ్గించలేదు, ఒక్క మాట మెత్తబరచలేదు.

వాడు నావైపు తిరిగాడు. ఫోన్లో ఆయన నవ్వుతూ జవాబు కోసం చూస్తున్నాడు.

"ఆడొద్దన్నడా సార్? ఆ దినం?"

"ఆడొద్దన్నాడు. ఆరు నెలలు ఆగమన్నాడు. ఆడితే ఈ ఒక్క మ్యాచే ఆడతావన్నాడు. నేను నీకు చెప్పలేదు. నువ్వు ఆగుతానన్నావని ఆయనకు చెప్పాను."

తిడతాడనుకున్నాను. తిడితే బాగుండును. వాడు ఎడమ మోకాలు మీద అరచెయ్యి వేసుకుని, మైదానం వైపు చూస్తూ, "ఐదేండ్లు ఆడిన్నని చెప్పుండ్రి సార్" అన్నాడు.

"ఎందుకు?"

"పెద్దమనిషి. గిప్పుడు ఎరుకైతే మనసుల పెట్టుకుంటడు. మంచిగ ఆడిన్నని చెప్పుండ్రి."

జీవితమంతా నేను మర్యాద అనుకున్నది ఏమిటో ఆ మెట్ల మీద కూర్చుని చూశాను. వాడూ మాటను మెత్తబరచమనే అడుగుతున్నాడు. కానీ దాని బరువు తానే మోస్తున్నాడు. నేను మెత్తబరిచిన మాటల బరువు ఎప్పుడూ ఎదుటివాడి కాళ్ళమీదే పడింది.

ఆ బరువు మళ్ళీ వాడితో మోయించలేక, ఫోను దగ్గరికి జరిగి ఆయనకు జర్మన్‌లో నిజం చెప్పాను. అతను ఆడాడు. మోకాలు పోయింది. మళ్ళీ ఆడలేదు. మీరు చెప్పింది నేను అతనికి చెప్పలేదు.

ఆయన మొహంలో నవ్వు ఒక్కసారిగా పోలేదు. మెల్లగా తగ్గింది. "ఏం చెప్పావు మరి?" అన్నాడు.

"మోకాలు జాగ్రత్త అని చెప్పాను."

ఆయన నన్ను చూశాడు. ఆ చూపు గురించి రాయలేను. కళ్ళజోడు తీసి పక్కన పెట్టి, లేచి వెళ్ళిపోయాడు. ఖాళీ కుర్చీ కనిపిస్తోంది. కాల్ తెగిపోయిందనుకున్నాను. "నిజమే చెప్పేసిండ్రా సార్?" అన్నాడు వాడు. తలూపాను.

కాసేపటికి ఆయన తిరిగొచ్చాడు. చేతిలో పాత నోటుబుక్కు. కళ్ళజోడు పెట్టుకుని పేజీలు తిప్పాడు. ఒకచోట వేలు పెట్టి, నన్ను కాదు, వాణ్ణి చూస్తూ, కూడబలుక్కుని అన్నాడు.

"మోకాలు. నొప్పి?"

వాడు ఫోనుకు దగ్గరగా వంగాడు. పన్నెండేళ్ళ కిందట ఇదే ప్రశ్నకు లేదన్నవాడు, "ఉన్నది సార్, జరంత" అని, బొటనవేలూ చూపుడువేలూ దగ్గరగా పెట్టి ఎంతో చూపించాడు. ఆయన అర్థమైనట్టు తలాడించాడు. అలా ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటూ ఉండిపోయారు. తర్వాత వాడు ఫోను పిల్లల వైపు తిప్పాడు. ఒక పిల్ల తన్నిన బంతి గోలు పక్కనుంచి పోయింది.

"ఇంకోసారి!" అని అరిచాడాయన ఫోన్లోంచి. పిల్లలు ఉలిక్కిపడి, పకపకా నవ్వారు. ఆ పిల్ల బంతి తెచ్చుకుని మళ్ళీ తన్నింది. ఈసారి వలలో పడింది.

"బాగుంది" అన్నాడు.

ఆ నాలుగు మాటలూ నేను నేర్పినవే. మిగిలినదానికి ఆ రోజు ఆయన నన్ను అడగలేదు. వాడూ అడగలేదు. చీకటి పడేదాకా వాళ్ళిద్దరూ ఆ నాలుగు మాటలతోనే పిల్లల్ని ఆడించారు. నేను పై మెట్టు మీద కూర్చుని చూశాను.